యాట్ పందేల తొలి మూకీ చిత్రాలు: తరచుగా అడిగే ప్రశ్నలు

1899, 1901, 1903 సంవత్సరాల్లో న్యూయార్క్ బయటి సముద్రంలో అమెరికాస్ కప్ అనే తెరచాప పడవల (యాట్‌ల) పందేలు జరిగాయి. అప్పటి కెమెరామెన్ వాటిని చిన్న చిన్న మూకీ బిట్లుగా తీశారు. వాటిలో మిగిలినవి ఇవాళ ఇంటర్నెట్‌లో ఉచితంగా చూడొచ్చు. చూసినవాళ్లంతా ఇంచుమించు ఒకే ప్రశ్నలు అడుగుతారు: ముందున్నది ఎవరు, బొమ్మ ఎందుకింత ఊగుతోంది, మిగతా పందెం ఏది? ఒక్క మాట గుర్తుంచుకుంటే సగం ప్రశ్నలు తీరిపోతాయి. ఈ బిట్లలో కనిపించేది పందెం కాదు, ఆ రోజు కెమెరాకు దొరికిన చోటు నుంచి కనిపించినంత పందెం.

అసలు ఈ పందేలేమిటి? ఎవరికీ ఎవరికీ మధ్య?

కప్పుకు ఆ పేరు దేశం వల్ల రాలేదు, పడవ వల్ల వచ్చింది. 1851లో ఇంగ్లండ్ దగ్గర వైట్ ద్వీపం చుట్టూ జరిగిన పందెంలో ‘అమెరికా’ అనే తెరచాప పడవ గెలిచింది. దాని యజమానులు ఆ కప్పును న్యూయార్క్ యాట్ క్లబ్బుకు అప్పగించారు. అప్పటినుంచి బయటి దేశాల క్లబ్బులు సవాలు విసరడం, న్యూయార్క్ క్లబ్బు కాపాడుకోవడం ఆనవాయితీ అయింది.

మన ప్రశ్నలకు సంబంధించిన మూడు ఏళ్లలోనూ సవాలు చేసింది ఒక్కరే, సర్ థామస్ లిప్టన్. అవును, టీ పొట్లం మీద పేరున్న ఆ లిప్టనే. 1890లో సిలోన్‌లో తేయాకు తోటలు కొని, టీ అమ్మి పేరు తెచ్చుకున్నాడు. రాయల్ అల్స్టర్ యాట్ క్లబ్ తరఫున ‘షామ్‌రాక్’ అనే పేరుతోనే వరసగా అయిదు పడవలు దింపాడు (1899, 1901, 1903, 1920, 1930). అయిదుసార్లూ ఓడాడు. ఓడినకొద్దీ అమెరికాలో ఆయన మీద అభిమానమూ పెరిగింది, టీ అమ్మకాలూ పెరిగాయి. కెమెరాలవాళ్లు ఆయన వెంట పడటానికి ఇదీ ఒక కారణం. పందెం దొరక్కపోయినా లిప్టన్‌ను, ఆయన సొంత ఆవిరి యాట్ ‘ఎరిన్’ను తీసుకుంటే ఆ రీలు అమ్ముడుపోయేది.

ఎదుటి పక్షం పడవలు 1899లోనూ 1901లోనూ ‘కొలంబియా’, 1903లో ‘రిలయన్స్’. రెండూ రోడ్ ఐలండ్‌లోని బ్రిస్టల్‌లో హెరెషాఫ్ కంపెనీ కట్టినవే, రెండింటినీ నడిపింది చార్లీ బార్. మూడు ఏళ్లలోనూ ఫలితం 3–0.

వీటికి ముందు నీటి మీది పందేల్ని ఎవరూ తియ్యలేదా?

తీశారు. 1895 మార్చి 30న థేమ్స్ నదిలో ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్ విద్యార్థుల తెడ్ల పడవ పందేన్ని బర్ట్ ఏకర్స్ తీశాడు. నది పందేనికి ఒక సౌకర్యం ఉంది. గట్టు కదలదు, పడవలు ఎటుగా వస్తాయో ముందే తెలుసు. తెరచాప పందెంలో ఆ రెండూ ఉండవు. పడవ మీద నుంచి కదులుతూ తియ్యడమన్నది 1896లో వెనిస్‌లో ఫ్రెంచ్ లూమియేర్ కంపెనీ కెమెరామన్ ప్రోమియో గొండోలాలో కూర్చుని చేసి చూపించాడు. కాకపోతే అది కాలువ నీరు, అట్లాంటిక్ కాదు.

1899 పందేల్ని తీసింది ఎవరు? ఏ కెమెరాలతో?

ముఖ్యంగా రెండు కంపెనీలు. ఒకటి ఎడిసన్ కంపెనీ. అప్పట్లో దాని సినిమా విభాగానికి జేమ్స్ వైట్ అధిపతి. రెండోది అమెరికన్ మ్యూటోస్కోప్ అండ్ బయోగ్రాఫ్. ఇవి రెండు వేర్వేరు పద్ధతులు కాబట్టి ఫలితాలూ వేర్వేరుగా ఉంటాయి.

ఎడిసన్‌ది 35 మిల్లీమీటర్ల ఫిల్ము. ఫ్రేముకు రెండు వైపులా నాలుగేసి చిల్లులు, అడుగు ఫిల్ములో 16 ఫ్రేములు. 1896 తర్వాతి కెమెరా చేత్తో పిడి తిప్పేది. ఒక మనిషి మోసుకుని టగ్ బోటు (ఓడల్ని లాగే చిన్న ఆవిరి పడవ) ఎక్కగలిగేంత బరువే.

బయోగ్రాఫ్‌ది 68 మిల్లీమీటర్ల వెడల్పాటి ఫిల్ము. దానికి ముందుగా చిల్లులుండవు. ఫ్రేము పడుతున్నప్పుడే కెమెరా లోపల చిల్లు కొట్టుకుంటుంది. మోటారుతో సెకనుకు సుమారు 30 ఫ్రేములు లాగుతుంది. బొమ్మ అద్భుతంగా ఉంటుంది కానీ మోటారు, బ్యాటరీలు కలిపితే సరంజామా వందల కిలోలు. దాన్ని డెక్కు మీద ఒకచోట బిగించారంటే ఇక ఆ రోజుకు అదే చోటు. పడవ ఇటుపక్క నుంచి అటుపక్కకు వెళ్లిపోతే కెమెరాను తిప్పుకోలేక టగ్ బోటునే తిప్పాలి.

మొత్తం పందెం ఎందుకు లేదు? నిమిషం, నిమిషంన్నర బిట్లే ఎందుకు?

లెక్క వేసి చూస్తే తెలుస్తుంది. 1899 అక్టోబరు 16న కొలంబియా 30 నాటికల్ మైళ్లు పూర్తి చెయ్యడానికి పట్టిన సమయం 4 గంటల 53 నిమిషాల 53 సెకన్లు, అంటే 17,633 సెకన్లు. సెకనుకు 16 ఫ్రేముల లెక్కన సెకనుకు ఒక అడుగు ఫిల్ము. మొత్తం తియ్యాలంటే 17,633 అడుగులు కావాలి. అప్పట్లో మామూలుగా వాడిన ముక్క 50 అడుగులు, మహా అయితే 100, 150, 200. యాభై అడుగుల చొప్పున అయితే 353 సార్లు కెమెరా విప్పి, చీకటి సంచిలో కొత్త చుట్ట ఎక్కించాలి. బయోగ్రాఫ్ ఫిల్ము అయితే సెకనుకు సుమారు అయిదు అడుగులు మింగుతుంది. ఆ లెక్క వెయ్యకపోవడమే మేలు.

అందుకే కెమెరామన్ ఆ 50 అడుగుల్ని దాచుకుని మూడు ఘట్టాల కోసం కాచుకునేవాడు: ఆరంభ గీత దాటే ముందు రెండు పడవలూ చోటు కోసం పెనుగులాడటం, మలుపు చోటు చూపే గుర్తు పడవ చుట్టూ మళ్లడం, ముగింపు. పందెం గాలి వచ్చే వైపు 15 మైళ్లు వెళ్లి తిరిగి రావడమో, పదేసి మైళ్ల మూడు భుజాల త్రికోణమో అయ్యేది. రెండు విధాలా మధ్యలోని గంటలు ఎవరి ఫిల్ములోనూ లేవు.

గాలి చేసే అన్యాయం ఇంకొకటి ఉంది. అయిదున్నర గంటల్లో ఎవరూ ముగించలేకపోతే ఆ రోజు పందెం చెల్లదు. 1899లో అక్టోబరు 3న మొదలెడితే గాలి లేకా, పొగమంచు వల్లా పదేపదే రద్దయి, మొదటి చెల్లిన పందెం 16వ తేదీకి గానీ తేలలేదు. 17న షామ్‌రాక్ తెరచాప కొయ్య పైభాగం విరిగింది. 20న మూడోదీ అయిపోయింది. రోజూ టగ్ బోటు అద్దెకు తీసుకుని పొద్దున్నే న్యూయార్క్ రేవు ముఖద్వారం దగ్గరి సాండీ హుక్ బయటికి వెళ్లి, సాయంత్రం ఉత్త చేతులతో తిరిగి వచ్చిన రోజులే ఎక్కువ. రద్దయిన రోజుల్లో తీసిన బిట్టును పారెయ్యరు కదా. దాన్నీ ‘యాట్ పందెం’ పేరుతోనే అమ్మారు.

పడవలు తెరలో అగ్గిపుల్లంత ఎందుకున్నాయి?

లెన్సు వల్ల, గస్తీ వల్ల.

లెన్సు సంగతి ముందు చూద్దాం. అప్పటి కెమెరాకు 50 నుంచి 75 మిల్లీమీటర్ల లెన్సు మామూలు. ఫ్రేము ఎత్తు 18 మిల్లీమీటర్లు. పడవ, దాని కొయ్యతో కలిపి నీటి పైన 40 మీటర్లనుకుందాం. 50 మి.మీ. లెన్సుతో 200 మీటర్ల దూరం నుంచి తీస్తే ఫిల్ము మీద దాని బొమ్మ 10 మి.మీ. అంటే ఫ్రేములో సగం పైన. చక్కగా ఉంటుంది. అదే పడవ ఒక నాటికల్ మైలు (1,852 మీటర్లు) దూరంలో ఉంటే బొమ్మ 1.1 మి.మీ. ఫ్రేములో పదహారో వంతు. తెర మీద అదే అగ్గిపుల్ల.

మరి దగ్గరికి వెళ్లొచ్చు కదా? వెళ్లనివ్వరు. 1890లలో చూడ్డానికి వచ్చిన జనం స్టీమర్లు పందెం పడవల దారికి అడ్డం పడి, వాటి అలలతో, పొగతో, గాలిని ఆపేసి పెద్ద గొడవలే అయ్యాయి. 1895లో సవాలు చేసి ఓడిన లార్డ్ డన్‌రేవన్ చేసిన ఫిర్యాదుల్లో ఇదీ ఒకటి. 1896లో అమెరికన్ కాంగ్రెస్ చట్టం చేసి, పందెం దారిని గస్తీ కాసే అధికారం ఇచ్చింది. 1899 నుంచి ప్రభుత్వ గస్తీ పడవలు కంచెలా నిలబడ్డాయి. కెమెరా ఉన్న టగ్ బోటుకైనా ఆ కంచె కంచే.

పొడుగు లెన్సు పెడితే? బొమ్మ ఎన్ని రెట్లు పెరిగితే ఊగుడూ అన్ని రెట్లు పెరుగుతుంది.

ఆ ఊగుడు ఏమిటి? చూస్తుంటే కడుపులో తిప్పుతోంది.

పై లెక్కనే పొడిగిద్దాం. 50 మి.మీ. లెన్సు నిలువునా చూపేది సుమారు 20 డిగ్రీలే. టగ్ బోటు పక్కలకు అయిదేసి డిగ్రీలు ఒరిగితే మొత్తం పది డిగ్రీలు. కెమెరా పడవ పక్కకు చూస్తోందనుకోండి, సముద్రపు అంచు గీత ఫ్రేములో సగం ఎత్తు పైకీ కిందికీ పోయి వస్తుంది. కెమెరా పడవ ముందుకు చూస్తుంటే అదే ఒరుగుడుకు గీత తక్కెడ కాడలా ఇటూ అటూ వాలుతుంది. బిట్టు చూడగానే గీత పైకీ కిందికీ పోతోందా, వాలుతోందా అని చూస్తే, కెమెరామన్ టగ్‌లో ఏ వైపుకు తిరిగి నిలబడ్డాడో చెప్పెయ్యొచ్చు.

దీనికి తోడు ఆవిరి యంత్రం అదురు. స్టాండు కాళ్లు డెక్కు చెక్కల్లో గుచ్చుకుని ఉంటే ఆ అదురంతా కెమెరాలోకి వస్తుంది. ఎగుడు దిగుడు అలకు కెమెరామన్ ఒక చేత్తో స్టాండు పట్టుకుని, రెండో చేత్తో సెకనుకు రెండు చుట్లు లెక్క తప్పకుండా తిప్పాలి. చుట్టుకు 8 ఫ్రేములు. పడవ ఒరిగినప్పుడు చెయ్యి తడబడితే ఆ సెకనులో 12 ఫ్రేములే పడతాయి. తక్కువ ఫ్రేములంటే ఒక్కోదానికీ వెలుతురు ఎక్కువ. అక్కడ బొమ్మ తెల్లబడి, కదలిక వేగం పెరిగినట్టు కనిపిస్తుంది. వెలుతురు అలా అల అలగా పెరిగి తగ్గుతుంటే అది ఫిల్ము పాడై కాదు, చెయ్యి తూలి.

కెమెరాను పక్కకు తిప్పే స్టాండు తల 1897లో విక్టోరియా రాణి వజ్రోత్సవ ఊరేగింపు కోసం లండన్‌లో ఆర్.డబ్ల్యు. పాల్ చేయించాడు. అది లేని చోట పడవ ఫ్రేము దాటిపోతే చేసేదేం లేదు, పిడి ఆపి ఎదురు చూడటమే. బిట్టు మధ్యలో పడవ ఠక్కున ఇంకో చోటికి దూకితే అక్కడ పిడి ఆగిందని అర్థం.

ఆకాశం ఎప్పుడూ తెల్లటి గోడలా ఎందుకుంటుంది? మబ్బుల్లేవా?

ఉండొచ్చు, ఫిల్ముకు కనపడవు. అప్పటి ఫిల్ముకు నీలం, ఊదా రంగుల వెలుతురే తెలుస్తుంది. ఎరుపు, పసుపు దాదాపు తెలియవు. నీలాకాశం దానికి తెల్లటి ఆకాశమే. తెల్ల తెరచాప తెల్ల ఆకాశం ముందు నిలబడితే చాప అంచు కరిగిపోతుంది. అందుకే మంచి బిట్లన్నీ చాపకు వెనక వెలుతురున్నవే. ఎదురు వెలుతురులో చాప బూడిద రంగుకు తిరిగి అతుకుల గీతలతో సహా కనిపిస్తుంది.

సముద్రం మీది తేమ పొర చెదరగొట్టేదీ ఎక్కువగా నీలం వెలుతురునే. కంటికి పల్చటి మసకగా ఉన్నది ఈ ఫిల్ముకు దట్టమైన పొగమంచు. ఇవాళ పసుపు ఫిల్టరు పెట్టి మసక తగ్గిస్తాం. అప్పుడు పసుపు ఫిల్టరు పెడితే ఫిల్ముకు తెలిసిన వెలుతురే ఆగిపోయి బొమ్మే పడదు.

ఎవరు ముందున్నారో ఎలా తెలుసుకోవాలి?

ఎక్కువమంది తప్పు పోయేది ఇక్కడే. తెర మీద కుడి చివర ఉన్న పడవ ముందున్నట్టు కాదు. పెద్దగా కనిపించేది ముందున్నట్టూ కాదు, అది కెమెరాకు దగ్గరగా ఉందంతే.

మొదట గాలి ఎటు నుంచి వస్తోందో చూడండి. చూడ్డానికి వచ్చిన స్టీమర్ల పొగ, కొయ్య చివరి జెండా చాలు. అయితే స్టీమరు నడుస్తుంటే పొగ గాలి దిశనూ స్టీమరు వేగాన్నీ కలిపి చూపిస్తుంది. నిలబడి ఉన్న లైట్‌షిప్పో (దీపస్తంభంలా ఒకేచోట ఉంచే ఓడ), లంగరేసిన పడవో దొరికితే దాని జెండాను నమ్మండి.

తర్వాత చాపల్ని చూడండి. బూము (చాప అడుగు కొయ్య) బాగా పక్కకు తెరుచుకుని, ముందు వైపు పెద్ద బుడగ లాంటి చాప ఇంకో పక్కకు కట్టి ఉంటే గాలి వెనక నుంచి వస్తోంది. చాపలన్నీ పడవ పొడుగునా బిగించి, పడవ పక్కకు బాగా వాలి ఉంటే గాలికి ఎదురెక్కుతోంది. ఎదురెక్కే పడవ సూటిగా పోలేదు, అడ్డంగా అటొకసారి ఇటొకసారి మళ్లుతూ పోతుంది. రెండు పడవలు చెరో వైపు మళ్లి ఉన్న ఘట్టంలో ఎవరు ముందున్నారో బొమ్మ చూసి చెప్పడం ఎవరి వల్లా కాదు. చెప్పారంటే ఫలితం ముందే చదువుకుని చెబుతున్నారన్నమాటే. గాలి వెనక నుంచి ఉన్నప్పుడూ, గుర్తు పడవను చుట్టేటప్పుడూ మాత్రం ధైర్యంగా చెప్పొచ్చు.

ముగింపు గీత దగ్గర కూడా కళ్లు మోసపోతాయి. 1901 అక్టోబరు 4 నాటి చివరి పందెం దీనికి గట్టి ఉదాహరణ. గీత ముందు దాటింది షామ్‌రాక్ II, రెండు సెకన్ల తేడాతో. గెలిచింది మాత్రం కొలంబియా, 41 సెకన్ల తేడాతో. పడవల కొలతల్ని బట్టి పెద్దది చిన్నదానికి కొంత సమయం వదిలిపెట్టాలి. ఆ రోజు షామ్‌రాక్ వదలాల్సింది 43 సెకన్లు. అందులో రెండు తీసేస్తే 41. కెమెరా పెట్టి తీసినా, కళ్లారా చూసినా షామ్‌రాకే గెలిచిందనిపిస్తుంది. ఫలితం కాగితం మీద ఉంది.

ఇవి నిజమైన పందేలేనా, తొట్టిలో బొమ్మ పడవలా?

అనుమానం సబబైనదే. 1898లో స్పెయిన్‌తో యుద్ధమప్పుడు నీళ్ల తొట్టిలో బొమ్మ ఓడలు పెట్టి, పొగ ఊది, యుద్ధం సినిమాలంటూ ఆడించారు. పట్టుకునే ఉపాయం చెబుతాం: నీటిని చూడండి. పడవను చిన్నది చెయ్యొచ్చు కానీ నీటి తుంపరను చిన్నది చెయ్యలేం. తొట్టిలో అల విరిగితే తుంపర బొట్లు పడవ కిటికీలంత పెద్దవిగా ఉంటాయి. అలలు కంగారుగా, చాలా వేగంగా కదులుతాయి. నిజమైన 40 మీటర్ల పడవ ముక్కు దగ్గర నురగ సన్నగా పొడిలా లేస్తుంది. పడవ ఒరిగి లేవడానికి సెకన్లు పడుతుంది. ఇంకో గుర్తు, డెక్కు మీద మనుషులు. గాలి వైపు అంచున బోర్లా పడుకున్న సిబ్బంది వరస కనిపిస్తే అది బొమ్మ కాదు.

ఆగస్టు 20, 1903 అని ఒక బిట్టు ఉంది. ఫలితాల పట్టికలో ఆ తేదీ లేదే?

ఉండదు. ఆ రోజు గాలి చాలక పందెం చెల్లలేదు. చెల్లిన మూడూ ఆగస్టు 22, 25, సెప్టెంబరు 3. మూడోదాంట్లో షామ్‌రాక్ III పొగమంచులో దారి తప్పి ముగింపు గీతే కనుక్కోలేకపోయింది.

జనం వీటిని వార్తలుగా చూశారా?

లేదు. ఫలితం అప్పటికే తెలుసు. 1899లో మార్కోనీ ‘న్యూయార్క్ హెరాల్డ్’ పత్రిక కోసం స్టీమరు మీద వైర్‌లెస్ యంత్రం పెట్టి, పందెం నడుస్తుండగానే తీరానికి కబుర్లు పంపించాడు. పత్రికాఫీసుల ముందు జనం నిలబడి చదువుకున్నారు. ఫిల్ము ఆ వేగాన్ని అందుకోలేదు. టగ్ బోటు రేవుకు రావాలి. ఫిల్మును చట్రానికి చుట్టి డెవలప్ చెయ్యాలి, బొమ్మ నిలవడానికి హైపో ద్రావణంలో ముంచాలి, కడగాలి, డ్రమ్ము మీద ఆరబెట్టాలి. ఆ నెగటివ్‌ను కొత్త ఫిల్ముకు ఆనించి ప్రింటు తీసి, మళ్లీ అదంతా చెయ్యాలి. వీటిలో ఎక్కువ సేపు పట్టేది ఆరబెట్టడం, తొందరపడితే చెడేదీ అదే. సగం ఆరిన జెలటిన్ చుట్టలో ఒకదానికొకటి అంటుకుని, విప్పేటప్పుడు బొమ్మ పొరతో సహా ఊడి వస్తుంది.

‘కాగితం ప్రింటు’ అంటే? సినిమాను కాగితం మీద ఎందుకు తీశారు?

ఇవి మిగిలింది ఆ కాగితం పుణ్యమే. 1912 దాకా అమెరికా కాపీరైటు చట్టంలో సినిమా అనే తరగతే లేదు. ఫొటోలకు మాత్రం ఉంది. అందుకని కంపెనీలు నెగటివ్‌ను పొడవాటి ఫొటో కాగితం మీద ఫ్రేము ఫ్రేముగా ప్రింటు తీసి, ‘ఇదొక ఫొటో’ అని వాషింగ్టన్‌లో దాఖలు చేశాయి. అప్పటి సినిమాల నైట్రేట్ ఫిల్ములు (తేలిగ్గా మండే రకం) కాలిపోయాయి, కుళ్లిపోయాయి, వెండి కోసం కరిగించారు. కాగితం చుట్టలు మాత్రం లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో దుమ్ము పట్టి అలాగే పడి ఉన్నాయి. మూడు వేలకు పైగా.

1950లలో కెంప్ నైవర్ వాటిని ఒక్కో ఫ్రేమూ ఫొటో తీస్తూ 16 మి.మీ. ఫిల్ము మీదికి ఎక్కించాడు. ఆ పనికి 1954 సంవత్సరానికి ప్రత్యేక ఆస్కార్ వచ్చింది. మీరు పాత డాక్యుమెంటరీల్లో చూసే మట్టిరంగు, మసక బొమ్మ చాలావరకు ఆ 16 మి.మీ. కాపీదే. తర్వాత కొన్నింటిని మళ్లీ కాగితం నుంచే 35 మి.మీ. మీదికి తీశారు. ఒకే బిట్టు రెండు చోట్ల దొరికితే చాప అతుకు గీతలు ఎందులో స్పష్టంగా ఉన్నాయో పోల్చి, అది దింపుకోండి.

బయోగ్రాఫ్ వారి 68 మి.మీ. ఫిల్ములు కొన్ని ఆమ్‌స్టర్‌డామ్‌లోని ఐ ఫిల్ము మ్యూజియం, లండన్‌లోని బి.ఎఫ్.ఐ. (బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్), న్యూయార్క్‌లోని మోడరన్ ఆర్ట్ మ్యూజియంలలో ఉన్నాయి.

దింపుకున్న ఫైలు చార్లీ చాప్లిన్ నడకలా గబగబా పోతోంది. సరిచెయ్యడం ఎలా?

16 ఫ్రేముల బిట్టును 24లో ఆడిస్తే ఒకటిన్నర రెట్లు వేగంగా పోతుంది. ముందు ఫైలును ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో వేసి, ఒక్కో ఫ్రేమూ బాణం మీటతో జరుపుతూ 30 ఫ్రేములు చూడండి. ప్రతి ఫ్రేమూ కొత్తదే అయితే సులువు. ఫైలు వేగాన్ని 16గా చదవమని చెబితే చాలు. కొన్ని ఫ్రేములు రెండేసిసార్లు వస్తుంటే ఎవరో ఇప్పటికే వేగం తగ్గించడానికి నకళ్లు కలిపారని అర్థం. ముందు ఆ నకళ్లు తీసేసి, ఆ తర్వాత 16కు మార్చండి. తియ్యకుండా మళ్లీ తగ్గిస్తే పడవలు తేనెలో ఈదినట్టు కదులుతాయి. రెండు ఫ్రేములు కలిసిపోయి దెయ్యం నీడల్లా కనిపిస్తే ఆ ఫైలు బాగుపడదు, వేరేది వెతకండి.

16 కచ్చితం కాదు. 14 నుంచి 20 దాకా పెట్టి చూడండి. పెద్ద యాట్ ఒరుగుడును బట్టి అంచనా వెయ్యొద్దు, అది మన కంటికి అలవాటు లేని విషయం. డెక్కు మీద నడిచే మనిషినో, చెయ్యి ఊపే టోపీ పెద్దమనిషినో చూసి సరిపెట్టండి. 68 మి.మీ. మూలం నుంచి వచ్చిందైతే ఈ లెక్క పనికిరాదు, 30 దగ్గర మొదలెట్టండి.

స్టెబిలైజర్ (ఊగుడు తగ్గించే సాఫ్ట్‌వేర్) వాడి ఊగుడంతా తీసేయమంటారా?

అంతా వద్దు. ఆ బిట్లలో రెండు రకాల కదలికలున్నాయి. ఒకటి కాగితం ముడుచుకుపోయి, కాపీ తీసేటప్పుడు ఫ్రేములు సరిగ్గా కూర్చోక వచ్చిన అదురు. రెండోది టగ్ బోటు ఊగుడు. తేడా తెలియాలంటే ఫ్రేము అంచు చూడండి. బొమ్మతో పాటు అంచు గీతా కదిలితే అది కాపీ తప్పు. అంచు కదలకుండా బొమ్మే కదిలితే అది అట్లాంటిక్. మొదటిదాన్ని తీసెయ్యండి. స్టెబిలైజర్‌కు పట్టు బిందువుగా ఫ్రేము మూలనో, అంచు మీది మారని గీతనో ఇవ్వండి, పడవను ఇవ్వొద్దు. పడవను ఇస్తే అది కదలకుండా నిలబడి, సముద్రం దాని చుట్టూ తిరుగుతుంది. అంచు కత్తిరించిన ఫైలైతే ఈ పని కుదరదు, అంచుతో ఉన్నదే దింపుకోవాలి.

రెండోదాన్ని వదిలెయ్యమనే మా సలహా. అది తీసేస్తే కెమెరా ఎక్కడుందో చెప్పే ఒకే ఒక్క సాక్ష్యం పోతుంది.

వీడియోలో వాడుకోవచ్చా? హక్కులు ఎవరివి?

అమెరికాలో ఇంత పాత చిత్రాలకు కాపీరైటు లేదు. అయితే ఎవరైనా కొత్తగా సంగీతం కలిపి ఉంటే ఆ సంగీతానికి హక్కు ఉంటుంది. నిశ్శబ్దంగా ఉన్న లైబ్రరీ కాపీనే తీసుకుంటే ఆ బాధ లేదు.

వెతకడం ఎలా?

లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ సైటులో ‘యాట్ రేస్’ అని కొడితే ఫొటోలు, పోస్టర్లు వచ్చి పడతాయి. పడవ పేరూ సంవత్సరమూ కలిపి కొట్టి, చలనచిత్రాల వడపోత పెట్టండి. రిలయన్స్ అని ఒక్కటే కొడితే మాత్రం మన దగ్గరి సెల్‌ఫోన్ల కంపెనీ నుంచి బయటపడటం కష్టం, 1903 తప్పక జోడించండి. ఎరిన్ యాట్, లిప్టన్ పేర్లతోనూ వెతకండి. పందెం పేరు లేని బిట్లలో కూడా వెనకాల పందెం పడవలు కనిపిస్తుంటాయి. 1902 ఫిబ్రవరి 25న న్యూయార్క్ దగ్గర షూటర్స్ ఐలండ్‌లో జర్మన్ చక్రవర్తి యాట్ ‘మీటియర్’ను నీళ్లలోకి దింపినప్పుడు ఎడిసన్ కంపెనీ తీసిన బిట్టు కూడా చూడండి. పడవకు పేరు పెట్టింది అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ కూతురు ఆలిస్. అక్కడ కెమెరా నేల మీద ఉంది. సముద్రం మీది బిట్ల పక్కన పెట్టి చూస్తే గట్టు మీది స్టాండుకూ, టగ్ మీది స్టాండుకూ తేడా మొదటి సెకనులోనే తెలుస్తుంది.